మరియు ఇతరులు

ఆ తీర్పు నూట డెబ్బై ఆరు పేజీలు.
దాని మీద నాలుగేళ్లు పెట్టాను.
అందులో పదమూడు నెలలు ఒక్క మాట మీదే:
ప్రయత్నించవలెను.

మూడువందల యాభై ఏ అధికరణం చెబుతుంది గదా,
తక్కువమంది మాట్లాడే భాషల పిల్లలకి
మొదటి చదువు అమ్మ నోటి మాటలో అందేలా
ప్రతి రాష్ట్రమూ ప్రయత్నించవలెనని.
వలెను అన్నది గట్టి గుడ్డ.
ప్రయత్నం మెత్తది.
రెండూ కలిపి కుట్టినవాళ్లు
ఏ వైపు చిరుగుతుందనుకున్నారో
పాత చర్చల్లో వెతికాను, దొరకలేదు.

నలుగురు న్యాయమూర్తులు అన్నారు:
ప్రయత్నం ఆశయం, హక్కు కాదు.
పిల్లలు తగ్గిన తెలుగు బడిని మూయడం
ప్రభుత్వ విధానం, అందులో మేం వేలు పెట్టం.
ఐదో ఆయన వేరుగా రాశారు, పన్నెండే పేజీలు:
ప్రయత్నానికైనా ఆనవాలుండాలి,
ఒక ఉత్తరం కాగితమో
ఒక మాస్టారి కొలువుకి ప్రకటనో.
ఏదీ చూపలేని రాష్ట్రం
ప్రయత్నించి ఓడిందనడానికి లేదు.
ఆ వాక్యం కింద పెన్సిల్ గీత గీసి
ఆ రాత్రి హాస్టల్లో అన్నానికి వెళ్లడం మర్చిపోయాను.

వ్యాసాలన్నీ ఆ కేసుని దుంగ లింగరాజు అంటాయి.
లింగరాజులో ఇలా నిలిచింది,
లింగరాజుని తర్వాత ఇలా కుదించారు.
అసలు లింగరాజు పోయి పందొమ్మిదేళ్లు.
శీర్షికలో ఆయన వెనక రెండే మాటలు,
మరియు ఇతరులు.
వాళ్లతో నీకేం పనమ్మా, అన్నారు గైడు గారు,
సిద్ధాంతం చూడు.

పర్లాకిమిడిలో కాశీనగరం బస్సెక్కాను.
వంశధార పక్కకి వచ్చేసరికి ఫోను
ఒకసారి ఒడిశాకి స్వాగతమంది,
మలుపు తిరగ్గానే ఆంధ్రాకి స్వాగతమంది.
నేను సీట్లోంచి కదల్లేదు.

పదకొండో పిటిషనరు ఇప్పిలి కూర్మయ్య.
కాగితంలో మైనరు, తండ్రి సంరక్షణలో.
ఇప్పుడు గడ్డంలో తెలుపు,
సంత రోడ్డు మీద పంక్చర్ల కొట్టు.
"నా పేరుందేటమ్మా అందులో?"
ఇతరులు అన్నచోట వేలు పెట్టి చూపించాను.
నీళ్ల తొట్టిలో ట్యూబు ముంచి
గాలి ఎక్కడ పోతోందో వెతికే చూపుతో
చాలాసేపు చూశాడు.

"బడి మూసీసినాక ఒడియాలోకెల్లిపోనాను.
తెలుగు మాటాడతాను గానీ సదవలేను.
నా కేసు నువ్వే సదివి సెప్పు."

రెంచీలూ సొల్యూషన్ డబ్బాలూ పక్కకి జరిపి
బల్ల మీద కూచుని నా అనువాదం చదివాను.
ప్రయత్నించవలెను దగ్గర చెయ్యెత్తి ఆపాడు.
"అదేటి? పెల్లికి పిలిస్తే
వొత్తాను అన్నోడొకడు,
రాడానికి సూత్తాన్లే అన్నోడొకడు.
సూత్తాన్లే అన్నోడికి మావు ఇస్తరాకెయ్యం."

నలుగురూ కలిసి తేల్చింది అదే,
ఇస్తరాకు లేకుండా.
నేను రాసుకుంటుంటే మళ్లీ అన్నాడు,
ట్యూబు మీద ఆకురాయి రుద్దుతూ:
"అలాగని ఒగ్గీం గదా.
మర్నాడు ఎదురుపడితే అడుగుతాం.
కనీసం సెప్పులైనా తొడిగేవేటి, అని."

కలం ఆగిపోయింది.
పన్నెండు పేజీలు, ఐదో ఆయనవి.

లేచేటప్పుడు తన పేరు రాసి చూపించమన్నాడు.
తీర్పు ఆఖరి పేజీ వెనక రాశాను.
కొట్టు పైన ఒడియా బోర్డుకేసీ కాగితంకేసీ చూసి
"రెండూ గుండ్రంగానే ఉన్నాయే" అన్నాడు,
నవ్వాడో లేదో, గ్రీజు అంటిన వేలితో
క వొంపు మీద ఒకసారి నడిచాడు.
ఆ మరక ఇంకా ఉంది.

మూడో అధ్యాయం, పాదసూచిక నూట నాలుగు.
అసిరమ్మ దగ్గర్నుంచి అందరి పేర్లూ వరసగా పెట్టి
చివర చెప్పుల మాట రాశాను.
గైడు గారు ఎర్ర సిరాతో పక్కన:
దీనికి మూలమేది?

మూలం: కాశీనగరం సంత రోడ్డు, గురువారం,
మధ్యాహ్నం మూడు దాటింది,
వెనక చక్రం, నెమ్మదిగా పోతున్న గాలి.