చేదు నెలలు

గ్రేడింగు మొదలైందంటే మా ఇంట్లో
పిండి ముట్టే చెయ్యి మారిపోద్ది.

వెంగమ్మ పొద్దున్నే ఆటో ఎక్కి
టంగుటూరు అవతల బేరన్ల కాడికి పోతుంది.
ఆకు విప్పి, రంగు చూసి,
మంచిది ఇటు, మాడింది అటు.
సాయంత్రానికి పది వేళ్ళకీ జిగురు.
సబ్బేసి తోమింది, నిమ్మచెక్క రుద్దింది,
ఒక ఏడు బూడిద, ఒక ఏడు కిరసనాయిలు.
పోదు.
ఆమె కలిపిన పప్పన్నం చేదు.
ఆమె నిమిరిన పిల్లోడి బుగ్గ కూడా
ముద్దు పెడితే కొంచెం చేదు.

అందుకని నేను.
చీమకుర్తిలో పాలీషింగు మిషను కాడ రాత్రి డ్యూటీ దిగొచ్చి
మధ్యాన్నం దాకా పడుకోని లేచి
పీట బదులు నల్లరాయి ముక్క పరుచుకుంటా.
మూల విరిగిందని ఫ్యాక్టరీ పారేసిన ముక్క.
లోపలంతా బంగారు చుక్కలు.
పొడిపిండి చల్లితే మునిగిపోతాయి,
రొట్టె ఎత్తితే కొన్ని తేలతాయి.

నేర్పింది సుఖ్‌దేవ్, బీహారోడు.
నడిరాత్రి డబ్బా మూత తీస్తే
వేయించిన శెనగపిండి, ఆవనూనె, వాము,
ఆ వాసన రంపం నీళ్ళ మీదగా నా దాకా వచ్చేది.
ఏందబ్బా లోపల అని అడిగా.
తుంచి చేతిలో పెట్టాడు.
వాడికి తెలుగు రాదు, నాకు వాడి మాట రాదు,
ఉప్పు చాల్లేదని మాత్రం ఇద్దరికీ తెలిసింది.
ఆ ఏడే ఇంకో ఫ్యాక్టరీకి పోయాడు.
డబ్బా మూత నా కాడే ఉండిపోయింది.
పిండి ముద్ద మీద ఇప్పుడు అదే బోర్లిస్తా.

శెనగలు మన రేగడివే.
మా అత్త తిరుపాలమ్మ చూసి
"ఉప్పు బొబ్బట్టా ఇది?" అంది.
ఉండలో గుంట చేసి పూర్ణం పెట్టి
ఎరువుల సంచి మూతి బిగించినట్టు బిగించాల.
మొదటి వారం అన్నీ పగిలినాయి.
"మాలకొండయ్యా, పూర్ణం లోపలే ఉండాల నాయనా,
నువ్వు మందేసినప్పుడు మాట మాదిరి బైటికి రాగూడదు."
పిల్లోడు కూడా నవ్వాడు.

వెంగమ్మ గడప మీద కూచుంటుంది
రెండు చేతులూ చీరకి తగలకుండా ఎడంగా పెట్టుకోని.
నీళ్ళు, అంటుంది.
చాలు, అంటుంది.
మంట తగ్గీ, ఇంకో పక్క తిప్పు, నూనె అంచులకి.
మిగతా తొమ్మిది నెలలూ
నేనెప్పుడూ ఆమెకి ఇన్ని మాటలు చెప్పలేదు
వంట సంగతి.
తిన్నా, లేచా.

నంజు మాత్రం ఆమెది.
చేతికి అంటని పని అదొక్కటే దొరికింది.
గడ్డపెరుగు, దంచిన జీలకర్ర,
నేను రోట్లో నూరి ఇచ్చిన కొత్తిమీర, పచ్చిమిరప,
ఉదయగిరి కర్ర గరిటె కొసన పట్టుకోని
గిన్నెలో గుండ్రంగా, తొందర లేకుండా తిప్పుతుంది.
మూడేళ్ళకి ఆ కాడ నల్లబడింది.
గిన్నె వైపు తెల్లగానే ఉంది.

నిన్న కరెంటు పోయింది.
పొయ్యి వెలుగులో మొదటి రొట్టె పొంగింది, పగల్లేదు.
నేను ముక్క తుంచి నోటికిద్దామనుకునే లోపల
ఆమే తుంచింది.
నంజులో ముంచి నా నోట్లో పెట్టి
"చేదుగా ఉందా?" అంది.
లేదనబోయా.
"ఉంది," అన్నా.
"ఉంటది మరి," అని
తన ముక్క తను తుంచుకుంది.

ఆఖరి ఉండకి పూర్ణం మిగల్లేదు.
ఉత్తదే ఒత్తి కాల్చా.
గిన్నె అడుగు తుడుచుకున్నది
దాంతోనే.