మూడో రీలు చివర

ఒక్కటే ప్రింటు, రెండు హాళ్ళు.
పుర్వొకెర్తోలో ఆడిన రీలు కోసం
సొకరాజాలో తెల్లతెర కాచుకుని ఉండేది.
మధ్యలో వాన,
వానలో తర్మూజీ పెదనాన్న మోపెడ్.

డబ్బా ఆలస్యమైతే ఈలలు, బూతులు.
ఒకసారి వంతెన మీద జారిపడ్డాడు,
డబ్బాలు తారుమారయ్యాయి.
ఆ రాత్రి సొకరాజా జనం
హీరోని పాతిపెట్టాక అతని పెళ్ళి చూశారు.
ఒక్కరూ డబ్బులు వాపసు అడగలేదు.

ఇరవై రెండేళ్ళు సినిమాలు మోశాడు,
ఒక్కటీ పూర్తిగా చూడలేదు.
ఏ కథైనా ఆయనకి
మూడో రీలు చివర తలుపు తడుతున్న చెయ్యి.
తలుపు ఎవరు తీశారే అని నన్ను అడిగేవాడు.
నేను చెప్పేదాన్ని కాదు, అదో సరదా.

తర్వాత ఒక హాలు సోఫాల గోడౌనైంది.
రెండోదాన్ని
ఉమ్మితో గూళ్ళు కట్టే పిట్టలకి వదిలేశారు,
స్పీకర్లలో పొద్దస్తమానం వాటి కూతల రికార్డు.

నేను తీసిన సినిమా మా యాసలో మాట్లాడుతుంది.
ఒకప్పుడు తెర మీద ఈ యాస
పనిమనుషులకీ కోళ్ళ దొంగలకీ మాత్రమే.
ఇప్పుడు హీరోయిన్ ఇందులోనే ఏడుస్తుంటే
నవ్వుదామని తెరిచిన నోళ్ళు
అలాగే ఉండిపోయాయి.

మాల్‌లో మూడో అంతస్తు.
సినిమా డిస్కులో వచ్చింది,
దాని తాళం విడిగా, జకార్తా నుంచి, అంకెల్లో.
గురువారం నాలుగు దెయ్యాలు దిగాయి.
శుక్రవారం నాకు మిగిలింది పొద్దున పదకొండు ఆట.
శనివారం అదీ లేదు.
దెయ్యాల మీద కోపం లేదు,
మా కెమెరామన్ ఇంటద్దె కట్టేది అవే.

ఆ పదకొండు ఆటకి
ఇస్త్రీ బాటిక్ చొక్కాలో వచ్చాడు పెదనాన్న.
సగంలో గబుక్కున లేచి నిలబడ్డాడు.
కూర్చో, ఇంకా ఉంది అన్నాను.
"మిగతాది ఎవరు తెస్తున్నారు?"

ఇప్పుడు మాకో పికప్ బండి,
వెదురు గడలు, నాలుగు దుప్పట్లంత గుడ్డ.
కోసిన వరిమళ్ళలో ఆట.
డిస్కు ఆయన జేబులో.
ఇంత తేలికది ఎటు పోతుందోనని
మాటిమాటికీ తడుముకుంటాడు.

ఫోన్లలో వేస్తామని ఒక కంపెనీ అడుగుతోంది.
ఎక్కడైనా ఆపొచ్చు, మళ్ళీ ఎప్పుడైనా చూడొచ్చు
అని వివరించాను.
"అయితే ఇక అందరూ నాలాగే" అన్నాడు,
జాలి పడ్డాడో, సంతోషించాడో.

స్లామెత్ కొండ మీంచి మబ్బు దిగుతోంది.
చాపల మీద చోటు దొరకని పిల్లలు
గుడ్డ వెనక చేరారు.
నా పేరు వాళ్ళకి తిరగబడి కనిపిస్తుంది.
పెదనాన్న వాళ్ళ మధ్య గొంతుక్కూర్చుని
తలుపు వైపే చూస్తున్నాడు.