ఊరు చూసే బస్సు

రిటైరైన ఏడో నెలల
బషీర్‌బాగ్ కౌంటర్ల టికెట్ కొన్న.
"ఏ ఊరు సార్ మీది?" పెన్ను ఎత్తి అడిగిండు పిలగాడు.
ఈ ఊరే అంటే నవ్వుతడని
జడ్చర్ల అని రాయించిన.

సీటు ఇరవై మూడు, కిటికీ దిక్కు.
పక్కన ఉప్పాడ నుంచి వచ్చిన నూకరత్నం,
ఒడిల స్టీలు డబ్బా, దాంట్ల వేయించిన నెత్తళ్లు.
బస్సు కదలకముందే మూత తీసింది.
ఏసీ బస్సంతా సముద్రం.

"కుడివైపు చూడండి" అంటది మైకుల సుమేధ, గైడు పిల్ల.
నలభై తలలు కుడికి.
నా తల కిందికి.
ముప్పై నాలుగేండ్లు ఈ ఊరిని
వాల్వు గుంతల నిలబడే చూసిన.
అబిడ్స్ అంటే నాకు తుప్పుపట్టి తిరగని చక్రం.
సుల్తాన్‌బజార్ అంటే మే నెల బిందెల కొట్లాట.

చార్మినార్ కాడ అందరు మీనార్లు లెక్కబెట్టిన్రు.
నాలుగే. అయినా లెక్కబెట్టిన్రు.
నేను గుల్జార్ హౌజ్ దిక్కు నడిచిన.
ఒక చలికాలం రంజాన్ల, రాత్రి మూడింటికి,
సహరీ వేళకు నల్లాలు రావాలని
మోకాళ్లలోతు బురదల నిలబడి వాల్వు తిప్పుతుంటే
పైనుంచి ఒక చెయ్యి చాయ్ కప్పు దించింది.
మొఖం కనబడలే. గాజులు కనబడ్డయి.
ఏ ఇల్లో ఇప్పటికీ తెల్వదు.
ఇయ్యాల వెతుకుదామంటే
సుమేధ సీటీ ఊదింది.

మ్యూజియంల గడియారం ముందు
మెడలు చాపి కూసున్నరు జనం.
బుడ్డ బొమ్మ బయటికొచ్చి గంట కొట్టింది.
చప్పట్లు!
నేను కూడా గంట కొట్టినట్టే నీళ్లు విడిచిన.
ఒక్కనాడు చప్పట్లు వినలే.
పది నిమిషాలు ఆలస్యమైతే మాత్రం
మా తాతల దాకా యాది చేసేటోళ్లు.

గోల్కొండల మళ్ల చప్పట్లే.
కింద కొడితే కొండ మీద వినబడతదట,
పిల్లలు, ముసలోళ్లు, అందరు కొట్టుడే.
నేను గోడ పట్టుకుని ఎక్కుతుంటే
రాళ్ల సందుల కనబడ్డది
మట్టి గొట్టం.
పగిలిన అంచు. సున్నం అతుకు.
వేళ్లు పెట్టి కొలిచిన.
కరెంటు లేదు, మోటరు లేదు,
ఎడ్లతోటి, చక్రాలతోటి, తొట్టి మీద తొట్టి కట్టి
నీళ్లను కొండెక్కించిన్రు.
అతుకు కాడ ఎవని వేలిముద్రన్న ఉంటదా అని చూసిన.
ఉండదు. అయినా చూసిన.

"సార్, అక్కడేం లేదు, రండి."
"బిడ్డా, రాజు పైన కూసున్నడు సరే,
దూపైతే ఎట్ల?"
కాగితం తిరగేసింది. దాంట్ల లేదు.
మైకు నా నోటికాడ పెట్టింది.
నాకు మాటలు రాలే.
వాలు అన్న. ప్రెషర్ అన్న.
ఇంకేదో అనబోయేసరికి
జనం సెల్ఫీలకు పోయిన్రు.

నూకరత్నం ఒక్కతే నిలబడ్డది.
"మా ఊళ్లో నీళ్లే వచ్చి గోడలు ఎత్తుకుపోతాయండి.
మా అత్తోరిల్లు ఇప్పుడు వలేసే చోటుంది" అని
ఆ గొట్టాన్ని తనూ ఒకసారి తాకింది.

పొద్దుగూకినంక హుస్సేన్‌సాగర్.
"ఇదా సాగరం? అవతలొడ్డు కనపడతంటే సాగరమేటండీ!"
ఉప్పుందో లేదో చూద్దామని వేలు ముంచబోయింది.
గబుక్కున చెయ్యి పట్టుకున్న.
"వద్దమ్మా. ఈ నీళ్ల సంగతి నాకెరుక."
నా సీసా ఇచ్చిన, గండిపేట నీళ్లు.
తాగినోళ్లు ఊరు విడువరంటరు.
ఆ మాట చెప్పలే.
ఆమెకు రాత్రికే రైలుంది.

బస్సు దిగి ఇంటికి నడుస్తుంటే
చిక్కడపల్లి మూల తడి.
ఎండల్లేని తడి, వాన లేని తడి.
జడ్చర్లోనికి నాకెందుకు అనుకుని
నాలుగడుగులు దాటిన.
వెనక్కొచ్చి, మోకాళ్ల మీద వంగి,
రోడ్డుకు చెవి పెట్టిన.
ఆటోవాడు హారన్ కొట్టి తిట్టిండు.

పది ఇంచుల లైను.
అతుకు కాడనే.