పురుగు పేరు

తొబకీరాలో తెల్లవారదు.
పొగమంచు కాస్త పలచబడుతుంది, అంతే.
నాలుగున్నరకి నా పాలబండి మలుపు తిరిగేసరికి
రాతిగోడ పక్కన ముందు క్యాన్లు కనిపిస్తాయి,
తర్వాత గొర్రెబొచ్చు రువానాలు,
వాటి మీద మొహాలు మొలవడానికి ఇంకా చాలాసేపు పడుతుంది.

మొదటి క్యాను ఎప్పుడూ ఎతెల్వీనా కించనేగ్వాది.
డెబ్బై తొమ్మిదేళ్ళు. రెండావులు, అందులో ఒకటి గుడ్డిది.
కొలబద్ద ముంచి పదకొండు లీటర్లంటాను.
పన్నెండంటుంది.
"సుమెర్సే, కళ్ళు తెరిచి చూడండి" అంటుంది.
'తమరి దయ' అని ఒకప్పుడు దొరల్ని పిలిచిన పిలుపు అది.
దొరలు పోయారు, పిలుపు మిగిలింది,
ఇప్పుడు తన కుక్కని కూడా అలాగే పిలుస్తుంది.

ఆ గురువారం బడికి కొత్తగా వచ్చిన పంతులు,
రాజధాని కుర్రాడు, చలికి చెవులు కమిలిపోయి,
జెరాక్సు కాగితాల కట్ట ఒకటి చంకన పెట్టుకొచ్చాడు.
నాలుగొందలేళ్ళ కిందట ఎవరో సన్యాసి
మా వాళ్ళ నోళ్ళ ముందు కూర్చుని రాసుకున్న మాటలట.
పాపాలు ఒప్పించాలంటే
ముందు వాటి పేర్లు తెలియాలి కదా.
ఆ తర్వాత సముద్రం అవతలి రాజొకడు
ఆ నోళ్ళు మూయించమని రాశాడట.
సంతకానికి ఎంతసేపు పట్టిందో.

"మీరు ముయిస్కాలా?" అడిగాడు పంతులు.
"బంగాళాదుంపలం" అంది హెర్మెన్సియా.
"కించనేగ్వా అంటే ఏమిటి?"
"బ్యాంకులో అప్పు" అంది ఎతెల్వీనా.

టార్చి వెలుగులో చదవడం మొదలెట్టాడు.
సూర్యుడి పేరు చదివాడు. వరసలో ఎవరూ కదల్లేదు.
చంద్రుడి పేరు. ఎవరో ముక్కు చీదారు.
నీటి పేరు చదివితే
క్యాన్లు మోసుకొచ్చిన గాడిద
దారి మధ్యన ధారగా జవాబిచ్చింది, అందరూ నవ్వారు.
నిద్ర. నిప్పు. అమ్మ.
'నేను' అనే మాట కూడా ఉంది ఆ కాగితంలో.
హాజరు పిలుస్తున్నాడు పాపం,
బెంచీలన్నీ ఖాళీ.

వేళ్ళ మీద ఊదుకుని, కాగితం తిప్పి,
"చిసా" అన్నాడు.

"ఏదీ!"
ఎతెల్వీనా గబుక్కున వంగి
కాళ్ళ దగ్గర మట్టి వెతికింది.

దుంపని నేలలోనే తినేసే పురుగు అది.
తెల్లగా, బొద్దుగా, పసిబిడ్డ వేలిలా వంకర తిరిగి ఉంటుంది.
పారకి తగిలిందంటే ఆ ఏడు ఎరువు డబ్బులు కూడా రావు.
దానికి వేరే పేరు ఉందేమో, మాకెప్పుడూ అక్కర్లేకపోయింది.
మా అమ్మ చిసా అంది. వాళ్ళమ్మా అంతే.
వడగళ్ళు దేవుడివి, ధర లారీవాడిది,
చిసా ఒక్కటే మాది.

పంతులు గొంతు వణికింది.
"కూబియో?"
"పులుసులోకి!" నలుగురు ఒకేసారి.
"గ్వపూచా?"
"వాగులో చేప" అన్నాను నేను,
నాకు తెలుసని నాకే తెలియదు.
మందులు కొట్టడం మొదలయ్యాక ఆ చేప చచ్చిపోయింది.
పేరు ఎక్కడ ఈదుతూ ఉందో ఇన్నాళ్ళూ.

దేవుళ్ళ పేర్లు మిగల్లేదు.
ప్రేమని ఏమనేవారో సన్యాసి అడగలేదో,
అడిగినా ఆడవాళ్ళు చెప్పలేదో.
వంగి తవ్వితేగాని దొరకని మాటలు మాత్రం
రాజు కంట పడలేదు,
రాజులు వంగరు కాబట్టి.

పంతులు కళ్ళు తుడుచుకున్నాడు. మంచనుకోవచ్చు.
ఎతెల్వీనా అతని చెయ్యి పట్టుకుంది.
"ఆ సన్యాసి దానికి మందేమైనా రాశాడా నాయనా?"
"లేదండీ. పేరొక్కటే."
"మరింకేం చదువు!"
క్యాను మూత ధన్‌మని బిగించి
నా పుస్తకం వైపు చూసింది.

పదకొండున్నర రాశాను.