తలకట్టు

స్కిప్టన్‌లో పరీక్ష పెట్టినావిడ
లేని మాటల జాబితా ఒకటి చేతికిచ్చి చదవమంది.
లేని మాటలు చదవడం నాకు కొత్తా?
నలభయ్యొక్కేళ్లుగా
ఉన్న మాటల్లోనే లేనివి చదువుతూ వచ్చాను.

రిపోర్టు పోస్టులో వచ్చింది.
చదవలేని మనిషి గురించి
ఆ మనిషే చదువుకోవాలని ఇరవై రెండు పేజీలు!
మా విదిత వంటింట్లో నిలబడి పైకి చదివింది,
చారు పొంగి పొయ్యి ఆరిపోయేదాకా.

ధ కీ థ కీ మధ్య ఒక్క చుక్క.
ఆ చుక్క కోసం రుక్మాంగదం మాస్టారు
స్కేలు నిలువుగా పట్టుకుని నా కణుపుల మీద కొట్టేవారు.
ఉంది. లేదు.
మళ్లీ చూసేసరికి చుక్క
పక్క అక్షరం పొట్టలోకి నడిచి వెళ్లిపోయేది.
మొద్దు అన్నారాయన.
తర్వాత చాలా ఏళ్లు, ఇంకొకరు అనేలోపే
ఆ మాట నేనే అనేసుకునేదాన్ని.

ఆదివారాలు గ్రాసింగ్టన్ పైన కొండవాలులో
కూలిన గొర్రెల దొడ్డి గోడలు లేపుతాం.
సున్నం లేదు, సిమెంటు లేదు, చెంచాడు మట్టి లేదు.
రాయి మీద రాయి. బరువే బంధం.
తక్కినవాళ్లు ఒకటి ఎత్తి, పెట్టి, పెదవి విరిచి, దింపి,
ఇంకొకటి ఎత్తుతారు.
నేను వంగకముందే ఆ రాయి నా తలలో
బోర్లాపడి, ఒత్తిగిల్లి, వెనక మొహం చూపించి,
ఏ గుంటలో సర్దుకుంటుందో చెప్పేసి ఉంటుంది.

వానలో, చేతి తొడుగు సగం ఊడి ఉండగా, తట్టింది:
బీని డీ చేసింది కూడా ఈ తిరుగుడే.
అక్షరం ఒక్క మొహమే చాలంది.
రాయికి ఆరు కావాలి.

డెబ్భై నాలుగేళ్ల విల్ఫ్
నా వరసని అరచేత్తో నిమిరి
ఎవరు నేర్పారు నీకు, అన్నాడు.
ధ అని చెబుదామనుకున్నాను. థ అని.

అలాగని వరం గిరం అనకండి.
మొన్న కూడా లీడ్స్ వెళ్లాల్సినదాన్ని
లాంకస్టర్ రైలెక్కాను.
రెండూ ఎల్‌తోనే మొదలు; మిగతాది నా నమ్మకం.
ఆ తప్పు రైలు కిటికీలోంచి
గోడలు కొండలెక్కుతూ, దిగుతూ, వాగు దగ్గర తడబడి మళ్లీ సాగుతూ,
ఎవరిదో పాత చేతిరాత,
మైళ్ల కొద్దీ, ఎర్రసిరా పడనిది.
స్టేషన్ దాటిందని కూడా తెలియలేదు.

రెండు పక్కల్నీ పట్టి ఉంచే పొడుగు రాళ్లు నాకు దీర్ఘాలు.
సందుల్లో కూరే పిల్లరాళ్లు ఒత్తులు.
ఈ వారం ఆఖరి వరస.
గోడ నెత్తిన నిలబెట్టే వీటిని
మీ భాషలో ఏమంటారు, అడిగాడు విల్ఫ్.
తలకట్టు, అన్నాను.
నోరంతా గాలి నింపి
థలకట్టు, అన్నాడు.

దిద్దలేదు.
ఆ రాయి అక్కడ బాగానే కూర్చుంది.