యియే సారోమ్‌కి నేను అరువిచ్చిన నాలుక

సాంగ్కే నది ఒడ్డున పొద్దు వాలకముందే
మా రోలు మాట్లాడ్డం మొదలెడుతుంది.
నిమ్మగడ్డి, దుంపరాష్ట్రం, పచ్చిపసుపు, వెల్లుల్లి.
కళ్ళు మూసుకునే దంచుతుంది అమ్మమ్మ.
టకటకమంటే ఇంకా పీచు మిగిలినట్టు.
చప్‌చప్‌మందా, చాలు.

మూడేళ్ళ కిందటి జ్వరం పోతూపోతూ
ఆమె వాసనల్నీ రుచుల్నీ మూటగట్టుకుపోయింది.
ఇప్పుడు మల్లెపూలూ మురుక్కాలవా ఆమెకి ఒకటే,
ఉప్పు ఒట్టి ఇసక.
ఈ సంగతి నాకూ, బండి కింద పడుకునే పిల్లికీ తప్ప
బట్టంబాంగ్ రాత్రి బజార్లో ఎవరికీ తెలీదు.

గొడ్డుమాంసం మాత్రం ఇంకా ఆమే కోస్తుంది,
నారకి అడ్డంగా, పల్చగా.
"నారవెంట కోస్తే తిన్నవాడి పళ్ళు
ఇంటికెళ్ళేదాకా మనల్ని తిట్టుకుంటాయి."
వెదురు పుల్లలు నానబెట్టేది నేను.
మూడు ముక్కలకో కొవ్వుముక్క గుచ్చాలి,
పుల్ల కొసకి మాత్రం కొవ్వు రాకూడదు,
వచ్చిందంటే గిరాకీ కంటే ముందు నిప్పు తినేస్తుంది.

నిమ్మగడ్డి కాడని చివర చితక్కొట్టి కుంచె చేసి
కొబ్బరిపాలు పూస్తూ తిప్పుతుంది పుల్లల్ని.
కొవ్వుచుక్క బొగ్గుమీద పడి
చుయ్‌మన్న తీరుని బట్టి
ఏ పుల్ల తియ్యాలో ఆమెకి తెలిసిపోతుంది.
కానీ నంజుకునే పులుసు చప్పుడు చెయ్యదు కదా.
చేపసారం, తాటిబెల్లం, నిమ్మరసం,
వేయించి పొడిచేసిన వేరుశనగలు, ఎర్ర మిరపకాయలు,
ఇవన్నీ గిన్నెలో నోరు మూసుకు కూచుంటాయి.
అప్పుడు చెంచా నావైపు చాపుతుంది.
నేను "చాలు" అంటే చాలు.

ఆ శుక్రవారం
నర్సింగు కాలేజీ గేటుకి అంటించిన జాబితాలో
నా పేరు లేదు.
రెండుసార్లు పైనుంచి కిందికి, ఒకసారి కిందినుంచి పైకి చదివాను.
సాయంత్రం చెంచా పెదాలకి తాకించానో లేదో,
"చాలు" అన్నాను.

ఎవరూ ఏమీ అనలేదు.
టుక్‌టుక్ వుథీ ఎప్పటిలా పది పుల్లలు తిన్నాడు,
బొప్పాయి ఊరగాయ ఇంకాస్త అడిగాడు,
డబ్బులిచ్చి వెళ్ళిపోయాడు.
తొట్టి దగ్గర యియే చాలాసేపు నిలబడింది.
గిన్నెలన్నిట్లో సగానికి పైగా పులుసు.
ఒక్కొక్కటీ నీళ్ళలో వంపుతూ
"పులుపెక్కువా?" అంది, నా మొహం చూడకుండా.
"ఏమో. రుచి చూళ్ళేదు."
"ఊఁ."
ఇంకో గిన్నె వంపింది.
"జాబితా పెట్టారా?"

ఆ మర్నాటినుంచి "చాలు" అన్న మాట ఒప్పుకోదు.
"ఎట్లాంటి పులుపో చెప్పు" అంటుంది.
పచ్చి మామిడి టెంక దగ్గరి పులుపంటాను,
బెల్లం గోకుతుంది.
వానలో నానిన చింతకాయంటాను,
ఇంకో చిటికెడు.
వరదల ఏడు తాతయ్య తెచ్చిన
నారింజ తొనలా ఉందంటే
చెంచా ఆగిపోతుంది.
ఆ నారింజ నేను తినలేదు, అప్పటికి నేను పుట్టనేలేదు.
ఆమే ఒకసారి చెప్పింది.
అంతకంటే దగ్గరి మాట నాకు దొరకలేదు.

రాత్రి పదింటికి
వుథీ రొట్టెముక్కతో గిన్నె అడుగు తుడిచి
ఆ ముక్క కూడా నోట్లో వేసుకున్నాడు.
యియే ఆ గిన్నెని బల్బు కిందికెత్తి
ఇటూ అటూ వంచి చూసింది.
"తాటిబెల్లం అయిపోవచ్చింది," అంది,
"రేపు కాలేజీ వైపు వెళ్తే
మళ్ళీ ఫారాలెప్పుడిస్తారో కనుక్కో,
వచ్చేటప్పుడు రెండు అచ్చులు పట్రా."