అమ్మ అతికించిన చెవులు

మా ఇంట్లో నేరుగా నిలబడే కప్పు ఒక్కటీ లేదు.
ఒకటి కుంటిది. ఒకటి పెదవి వంకరది.
ఇంకోదాని మీద గులాబీకి ఆకు రావాల్సిన చోట
నీలిరంగు ముద్ద.
బర్స్‌లెమ్ వాళ్లం మేం,
లోకానికి టీ కప్పులు చేసి పంపేవాళ్లం.
లోకం వద్దన్నవాటిలో తాగేవాళ్లం.

వీధి చివర సీసాలాంటి ఇటుకల ఆవం,
దాని వెనక ఇంకోటి, దాని వెనక ఇంకో పది.
రాజేసిన రోజు పగలే దీపాలు.
ఎదురింటి విన్నీ పిన్ని గుమ్మంలోంచి కేకేసేది, "పొగొస్తోందే!"
వీధి వీధంతా ఉరికి
దండేల మీది దుప్పట్లు లాక్కునేది.
అయినా నా తెల్ల మేజోళ్లు
తెల్లగా ఉన్న ఆదివారం ఒక్కటీ గుర్తు లేదు.

అమ్మది చెవుల పని.
పచ్చి కప్పుకి పచ్చి చెవి,
నడుమ చిక్కటి మట్టినీళ్ల చుక్క,
బొటనవేలితో ఒక్క నొక్కు.
గంటకు ఎనిమిది డజన్లు.
నాన్న బొగ్గుగనిలో యంత్రం పక్కన
ఇరవై ఏళ్లు నిలబడి వచ్చినవాడు,
ఏం చెప్పినా "ఆఁ?" అనేవాడు.
"ఊళ్లో కప్పులన్నిటికీ చెవులు పెట్టాను,
నీకొక జత పెట్టలేకపోయాను గదయ్యా!"
అమ్మ అరిచేది.
నాన్న నవ్వేవాడు.
వినబడి కాదు, ఆమె మొహం చూసి.

పదిహేనేళ్లకు శుక్రవారం బడి అయిపోయింది,
సోమవారం పని మొదలైంది.
మేస్త్రీ బ్లోర్ నా భుజం నొక్కి చూశాడు,
సంతలో దూడను చూసినట్టు.
"కోల్‌క్లఫ్ పిల్లా, బల్ల ఎత్తు."
ఆరడుగుల చెక్క, మీద మూడు డజన్ల పచ్చి కప్పులు,
కింద నా ఒక్క భుజం.
మెట్లు. మలుపు. మళ్లీ మెట్లు.
తల తిప్పితే బల్ల తిరుగుతుంది, తల తిప్పకూడదు.
నాలుగో రోజు ఎవరో నా పేరు పిలిచారు.

చప్పుడు పెద్దగా లేదు.
పచ్చి మట్టి మెత్తగా చస్తుంది.
కుమ్మరికి ఏడాది, గుదియకొక పెట్టు అంటారే,
ఆ గుదియను నేనే.

ముక్కలు ఊడ్చి తొట్టిలో పోశారు, నీళ్లలో మళ్లీ కరిగాయి.
మట్టికి పోయిందేం లేదు.
పోయింది అమ్మ పొద్దున.
బ్లోర్ పుస్తకం తెరిచాడు.
అమ్మ తలెత్తలేదు, చెయ్యి ఆపలేదు.
"అవి నా లెక్కలో కొట్టెయ్యి" అంది,
ఇంకో చెవి అతికిస్తూ.

ఇంటికొచ్చాక కూడా ఏమీ అనలేదు.
హెప్సిబా నాయనమ్మే అంది:
"మా రోజుల్లో ఆవంలో దెయ్యం పగలగొట్టినా
కూలి మాదే పోయేది. మీకేం, మహారాణులు."
అని దగ్గింది. చాలాసేపు దగ్గింది.
ఆ దగ్గు ఎండిన మట్టిని గోకినట్టుండేది.
దాని పేరు మా ఇంట్లో ఎవరూ పలికేవారు కాదు.

మొదటి జీతం కవరు విప్పకుండా అమ్మకిచ్చాను.
అందరం అంతే.
ఆమె అందులోంచి తీసిచ్చిన చిల్లర
పదకొండు వారాలు సబ్బుపెట్టెలో దాచాను.
హాన్లీలో గాజు కిటికీల దుకాణంలో
వంకలేని కప్పు ఒకటి కొన్నాను, నాన్నకి.
కొనేముందు చెవి కింద వేలితో తడిమాను.
అమ్మది కాదు.
అమ్మ నొక్కు కొంచెం ఎడమకి వాలుతుంది.

నాన్న దాన్ని దీపం దగ్గర పెట్టి
తిప్పి తిప్పి చూశాడు,
లోపం ఎక్కడుందా అని.
దొరకలేదు. భయపడ్డట్టున్నాడు.
ఆ రాత్రి నుంచి అందులో
ఆయన పళ్లసెట్టు నిద్రపోయేది.
టీ మాత్రం ఆ కుంటిదాంట్లోనే,
కింద మడిచిపెట్టిన ఫుట్‌బాల్ పందెం చీటీ.